నాలుగు గంటల పని

"ఎత్తకు!"

వాండా అరుపుకి బెర్నాడెట్ చెయ్యి ఫోన్ దాకా వెళ్లి ఆగిపోయింది. తెర మీద ఫ్యాక్టరీ నంబరు వెలుగుతోంది. రెండో చేతిలో కత్తి, ముందున్న చెక్క మీద సూప్‌కని తీసిన ఉల్లిపాయ.

"సూపర్‌వైజర్ హాడ్జే అయ్యుంటాడు. సాయంత్రం నాలుగు గంటల పని ఉంది, రమ్మంటాడు," అంది పక్కింటి వాండా, కిటికీ దగ్గర కుర్చీలోంచి కదలకుండానే. ఇద్దరూ పనిచేసేది ఒకే ఐస్‌క్రీమ్ ఫ్యాక్టరీలో. "ఈ వారం ఎన్ని గంటలు చేశావ్?"

"ఇరవై ఒకటి."

"అంటే భృతి సగం వస్తుంది. గంట పెరిగిందా, పావు వంతే."

ఆ లెక్క బెర్నాడెట్‌కి తెలియనిది కాదు. చలికాలం గిరాకీ లేదని ఫ్యాక్టరీ అందరి పనిగంటలూ తగ్గించినప్పటి నుంచి, ప్రభుత్వమిచ్చే నిరుద్యోగ భృతి ఎంత వస్తుందో ప్రతివారం అంచనా వేసుకుంటూనే ఉంది. నాలుగు గంటలకు కూలి అరవై నాలుగు డాలర్లు. భృతిలో పడే కోత తొంభై అయిదు. పనికి వెళ్తే ముప్ఫై ఒక్క డాలర్లు నష్టం. సోమవారం నాటికి అద్దె పూర్తిగా కట్టకపోతే సామాను బయట పెడతానని ఇంటి యజమాని చెప్పి వెళ్లాడు. ఆ అద్దె పోగా ఆమె దగ్గర పది డాలర్లు కూడా మిగలవు.

"రానని చెప్పేస్తాను."

"పిచ్చిదానా! ఇచ్చిన పని వద్దన్నావంటే ఆ పావు కూడా ఊడిపోతుంది. నువ్వు వింటేనే కదా వాడు అడిగినట్టు? అసలు విననే వినకు."

ఒప్పుకుంటే కొంత పోతుంది, కాదంటే మొత్తం పోతుంది. కనుక అడిగే అవకాశం ఇవ్వకపోవడమొక్కటే దారి. బెర్నాడెట్ చెయ్యి వెనక్కి తీసుకుంది.

మోత ఆగింది. వాయిస్ మెసేజ్ వచ్చినట్టు చిన్న చుక్క వెలిగింది.

మరుక్షణం గోడ అవతల ఫోన్ మోగింది. ఎవరూ ఎత్తలేదు. తర్వాత పై అంతస్తులో. ఆ తర్వాత వీధికి ఆ పక్క. ఎక్కడా ఎవరూ ఎత్తలేదు.

వాండా పకపకా నవ్వింది. "చూశావా, వీధంతా ఒక్కసారే చెవిటిదైపోయింది! పాపం హాడ్జ్, ఇవాళ వాడే ఏప్రన్ కట్టుకోవాలి."

"ఒక్క పూట పనికి ఇంతమందినా?"

"ఎండ కాసింది కదమ్మా. జనానికి మళ్లీ ఐస్‌క్రీమ్ గుర్తొచ్చింది."

నిజమే, నెలల తర్వాత కిటికీ తెరిచింది ఈ రోజే. ఫ్యాక్టరీ వైపు నుంచి వీస్తున్న వెచ్చని గాలికి కర్టెన్లు లేస్తున్నాయి. ఆ గాలితో పాటే శీతల యంత్రాల గొట్టాల్లోంచి వచ్చే ఘాటు వాసన. ఏళ్ల తరబడి దాన్ని పీల్చి పీల్చి వాళ్ల ముక్కులు ఎప్పుడో పట్టించుకోవడం మానేశాయి.

ఫోన్ మళ్లీ మోగింది. ఆగి, మళ్లీ మోగింది. ఎదురింటి కుక్క గొలుసు తెంపుకునేలా మొరిగి మొరిగి, ఉన్నట్టుండి ఊరుకుంది.

వాండా చేతి రుమాలుతో కళ్లు తుడుచుకుంది. "ఏం ఉల్లిపాయలే బాబూ ఇవి! ఇక్కడిదాకా మండిస్తున్నాయి."

బెర్నాడెట్‌కీ కళ్లు మసకబారుతున్నాయి. రెప్పలార్చి చెక్క వైపు చూసింది. ఉల్లిపాయకి ఇంకా పొట్టు కూడా తీయలేదు.

"వినకంటే..." అని వాండా అంటూనే ఉంది. బెర్నాడెట్ మెసేజ్ మీద వేలు నొక్కింది.

"పనికి పిలవడం లేదు," దగ్గుతో తెగిపోతూ వినిపించింది హాడ్జ్ గొంతు, "అమ్మోనియా గొట్టం పగిలింది, గాలి మీ వీధి మీదికే వస్తోంది, ఇళ్లొదిలి కొండ మీదికి పరుగెత్తండి... ఒక్కళ్లయినా ఫోన్ ఎత్తండర్రా!"