ఎవరూ తీసుకెళ్లని ఫోటో

సుదర్శన్‌కు అర్జెంటుగా ఒక విషాదం కావాల్సి వచ్చింది.

జ్ఞాపకాలు, గాయాలు అంటూ పాత ఫోటోలనూ విరిగిన సామాన్లనూ చెక్కపెట్టెల్లో బిగించి కళాఖండాలు చేసే మనిషి అతను. చిక్కల్లా ఒక్కటే, అతనికి ఏ గాయమూ లేదు. కుప్పంలో వాళ్లమ్మ సరోజమ్మ నిక్షేపంగా ఉంది. కొడుకు చిక్కిపోయాడని రోజూ ఫోన్‌లో గోల పెడుతుంది. ఇలాంటి తల్లిని పెట్టుకుని ఎవడు మాత్రం పేరు తెచ్చుకోగలడు?

అందుకే కొత్త తల్లిని వెతుక్కున్నాడు. పుంగనూరులో మూతపడుతున్న ఒక ఫోటో స్టూడియోలో, తీయించుకుని మళ్లీ రాని వాళ్ల ఫోటోలు సంచి నిండా దొరికాయి. ఇన్నేళ్లూ అడగనివాళ్లు ఇప్పుడేం అడుగుతారని అతని ధైర్యం. నవ్వుముఖంతో ఉన్న ఒకావిడను ఎంచుకుని, ఫోటో అంచులు కొవ్వొత్తితో కాల్చాడు. పెట్టెలో దాని పక్కన మసిపట్టిన గిన్నె, సగం విరిగిన చేతిగాజు బిగించాడు. కింద ఇలా రాశాడు: 'అమ్మ కాలిపోయిన రోజు నాకు ఐదేళ్లు. నిప్పు పెట్టిన చేతిని నేను చూశాను.'

మదనపల్లెలో ప్రదర్శన పెడితే జనం కళ్లు ఒత్తుకున్నారు. ఆ పెట్టెను తీసుకెళ్లడానికి సాయంత్రం వస్తామని బెంగళూరు గ్యాలరీ వాళ్లు ఫోన్ చేశారు. సుదర్శన్ కాళ్లు నేలమీద నిలవడం లేదు.

ఒక్క ముసలాయనే ఇబ్బంది పెడుతున్నాడు. పేరు గంగులప్ప, ఊరు పుంగనూరు. నిన్న ఆ పెట్టె ముందు నిలబడి, వణికిపోతూ ఏడ్చి వెళ్లాడు. ఈ రోజు మళ్లీ వచ్చాడు. వెంట ఒక కానిస్టేబుల్.



"ఈ ఫోటోలో ఉండేది నా పెండ్లాం మునెమ్మ," అన్నాడు గంగులప్ప. "మాకు బిడ్డల్లేరు. నిజం సెప్పప్పా, నువ్వు ఎవురి బిడ్డవి?"

కానిస్టేబుల్ గుమ్మం దగ్గరే నిలబడి చూస్తున్నాడు. గ్యాలరీ, పేరు, ప్రఖ్యాతి అన్నీ గంగలో కలిసేలా ఉన్నాయి. కేసు కాకముందే కాళ్లు పట్టుకోవడం మేలనిపించింది సుదర్శన్‌కు.

"తప్పయిపోయింది పెద్దాయనా," అన్నాడు గొంతు తగ్గించి. "ఆయమ్మ ఎవురో నాకు తెలీదు. స్టూడియోలో పడుండే ఫోటో తెచ్చుకున్నా. మాయమ్మ కుప్పంలో బాగుండాది. నిప్పూ లేదు, ఏమీ లేదు. అంతా నేను అల్లిన కత."

గంగులప్ప అతని భుజం పట్టుకుని కుదిపాడు.

"అంటే... నువ్వేమీ సూళ్ళేదా?"

"దేవుని తోడు! మీ ఇల్లు యాడుండాదో కూడా తెలీదు. ఈ ఒక్కసారికి ఇడిసిపెట్టు."

గంగులప్ప కానిస్టేబుల్ వైపు ఒకసారి, ఫోటో వైపు ఒకసారి చూసి నెత్తి కొట్టుకున్నాడు.

"ఎంత పని సేస్తివప్పా! స్టవ్వు పేలి సచ్చిపోయిందంటే ఇన్నేండ్లు ఊరంతా నమ్మినారు. నువ్వు సూసినావనుకోని, నిప్పు పెట్టింది నేనేనని ఇప్పుడే టేషన్లో సెప్పేసి వస్తాండా!"