తేడా ఉంటే ఫోన్ చేస్తాను

“ఇంకా రాలేదా అండీ?” అందావిడ, తల ఎత్తకుండా.

“ఫోను మిషన్ మీదే ఉందిగా. మోగితే నీకు వినపడదూ?” అన్నాడు మాస్టారు.

ఆవిడ బట్టలు కుడుతుంది. ఆయన కాలేజీలో తర్కం చెప్తాడు. వారం కిందట ఆవిడ రొమ్ములో గడ్డ నుంచి చిన్న ముక్క తీసి పరీక్షకి పంపారు. తేడా ఉంటే శుక్రవారం మధ్యాహ్నం లోపే ఫోన్ చేస్తానంది డాక్టరమ్మ.

ఇవాళే శుక్రవారం. ఆవిడ ప్రాణం గుప్పెట్లో పెట్టుకుని కూర్చుంది. స్నానం చేసి తడిజుట్టుతోనే మిషన్ ముందు కూలబడింది. కాలరు తిరగేసి కుట్టి, విప్పి, మళ్ళీ తిరగేసే కుట్టింది. ఆయన సెలవు పెట్టి మరీ టీ కాచి తెచ్చాడు గానీ, అందులో పంచదార లేదు. జబ్బు నాకా మీకా అని వెక్కిరించింది.

“డాక్టరమ్మ మర్చిపోతేనో?”

“మర్చిపోయే మనిషి కాదు.”

“అన్న మాట అబద్ధమైతే?”

“ఆ మాట అబద్ధం కావడానికి ఒక్కటే దారి. తేడా ఉండాలి, ఫోను రాకూడదు. మిగతా ఎలా జరిగినా నిజమే. కాకులు తెల్లబడితే నీకు మేడ కడతానన్నాను పెళ్ళిలో. మాట తప్పానా?”

“తప్పలేదు. కట్టనూ లేదు.” ఆవిడకి నవ్వొచ్చింది. అంతలోనే కళ్ళు నిండాయి. “నాకు భయంగా ఉందండీ. మీ పాఠాలు కాదు, ఒక్క మాట తేల్చి చెప్పండి.”

గోడ గడియారం పన్నెండు కొట్టింది. మాస్టారు ఆవిడ చెయ్యి పట్టుకున్నాడు.

“ఫోను రాకపోతే నీకే జబ్బూ లేదు. ఈ మాట నిజం. కావాలంటే ఒట్టేస్తాను.”

ఆవిడ ఊపిరి పీల్చుకుంది. ఆకలి దంచేస్తోందంటూ లేచి ఇద్దరికీ వడ్డించింది, రెండోసారి కూడా వడ్డించుకుంది. రేపు ఓసారి డాక్టరమ్మ దగ్గరికి వెళ్ళొద్దామన్నాడాయన. ఏం లేనప్పుడు ఎందుకని ఆవిడ అడిగింది. తేడా ఉంటే ఫోన్ చేస్తానంది గానీ, తేడా ఉంటేనే రమ్మనలేదుగా అన్నాడు. మీతో వాదించి గెలిచినవాడు పుట్టలేదంటూ ఆవిడ కూనిరాగం తీస్తూ మిషన్ ఎక్కింది. ఈసారి కాలరు తిన్నగా వచ్చింది.

మాస్టారు అన్నం ముందే కూర్చుండిపోయాడు. పొద్దున్నించీ ఆయన ఒక్క అబద్ధం కూడా ఆడలేదు.

ఆవిడ స్నానం చేస్తుండగానే ఫోను వచ్చింది.