గుంజ మూలుగు

గని పైకప్పు కూలి దారి మూసుకుపోయింది. లోపల ముగ్గురు చిక్కుకుపోయారు: ముఠా మేస్త్రి, ఆయన అల్లుడు, పొద్దున్నే గని చూడటానికి దిగిన ఓ కొత్త మనిషి.

నెత్తిమీది రాయినంతా ఒకే ఒక్క కర్ర గుంజ మోస్తోంది. మోస్తూ కిర్రుమంటోంది.

"మామా, ఊపిరి ఆడట్లేదు."

"మాట్లాడకు. తవ్వు."

ఇంట్లో మామ మాట పెడచెవిన పెట్టే అల్లుడు ఇక్కడ కిక్కురుమనకుండా తవ్వాడు.

కొత్త మనిషి మాత్రం పార ముట్టలేదు. గుంజకు చెవి ఆనించి కూర్చున్నాడు. మేస్త్రికి ఒళ్లు మండింది.

"మేం చస్తుంటే నువ్వు తీరిగ్గా కూర్చున్నావేంటయ్యా? ఇనప గుంజలు ఇవ్వండి మొర్రో అని రెండేళ్లుగా మొత్తుకుంటున్నాం. అవే ఉంటే ఈ పాడు మూలుగుడు ఉండేదా?"

"ఉండేది కాదు. ఇనుము చివరిదాకా నోరు విప్పదు. బరువు మించితే ఒక్కసారే వంగి పడిపోతుంది. కర్రకి నార ఒక్కొక్కటే తెగుతుంది. తెగుతూ మనకి చెప్తుంది. రెండిట్నీ మిషన్లో పెట్టి విరగ్గొట్టి చూశాను."

"కర్రల కాంట్రాక్టరు మనిషివా? చావు ముంగిట కూడా సరుకు పొగుడుకోవాలా, సిగ్గులేదూ!"

అతను చెయ్యెత్తాడు.

"ఆగండి!"

పారలు ఆగాయి. మూలుగు సన్నగిల్లింది.

"ఇప్పుడు తవ్వండి. మెల్లగా."

అలా ఎన్నిసార్లు ఆపాడో, ఎన్నిసార్లు తవ్వించాడో. చివరికి మనిషి పట్టేంత సందు పడింది.

"ముందు మీ అల్లుడు. తర్వాత మీరు."

"మరి నువ్వు?"

"ఎవరో ఒకరు వింటూ ఉండాలి కదా. మీరు అవతల పడగానే వస్తా. పాకండి."

మేస్త్రి సగం దూరం పాకాడో లేదో వెనక నుంచి కేక.

"త్వరగా! ఇంక ఆగదు!"

ఫట్ మంది. మేస్త్రి కాళ్ల వెనకే సందు పూడిపోయింది.

పైకి వచ్చాక అల్లుడు నీళ్లు తాగించబోతే మేస్త్రి తోసేశాడు. మేనేజరు ముందు కూలబడి పసిపిల్లాడిలా ఏడ్చాడు.

"ఎవరు సార్ ఆయన? పేరైనా అడగలేదు. నోటికొచ్చినట్టు తిట్టాను."

మేనేజరు నెత్తిమీది టోపీ తీశాడు.

"మీరు అడుగుతున్నారే, ఆ ఇనప గుంజలు అమ్మే కంపెనీ మనిషి, మీ చోట ఎన్ని పడతాయో చూసుకుని ఆర్డరు పట్టుకెళ్దామని దిగాడు."