పెద్దక్క లాగిన్

ఆడిటర్ తెర మీద చిట్టా తెరిచాడు. మా చాట్‌బాట్‌లో ఎవరు ఏ జవాబు, ఏ వివరం మార్చినా పేరుతో, టైముతో అందులో పడుతుంది.

"రెండేళ్లలో నాలుగు వేల మార్పులు, అన్నీ ఒక్కావిడ చేసినవే! మరి మీ పేరు ఒక్కచోటా లేదేం? ఇక్కడ మీరేం చేస్తున్నట్టు?"

"ఆవిడ మా పెద్దక్కండీ. ఆఫీసులో అందరం అలాగే పిలిచేవాళ్లం. రెండేళ్ల కిందటే రిటైరయ్యారు. నా లాగిన్‌కు మార్పులు చేసే అనుమతి రాలేదు. అందుకే ఆవిడ లాగిన్‌తో నేనే చేశాను."

"రిటైరయ్యాక కూడా ఇంత పనా! మనిషంటే అలా ఉండాలి."

"ఆ పని చేసింది నేనండీ!"

"చిట్టాలో అలా లేదుగా."

పక్కనే ఉన్న మేనేజరు వైపు చూశాను. ఆ లాగిన్ వాడుకోమన్నది ఆయనే. కళ్లజోడు తుడుచుకుంటూ, "నాకేం తెలీదయ్యా," అన్నాడు.

సాయంత్రానికి ఉత్తర్వులొచ్చాయి. పెద్దక్కకు ప్రశంసాపత్రం, తిరిగి చేరమని పిలుపు. నాకు ఉద్వాసన.

"వెళ్లేముందు సిస్టంలోంచి నీ పేరు తీసెయ్యవయ్యా. ఆ పని ఇంకెవరికీ రాదు," అన్నాడు మేనేజరు.

ఎప్పటిలాగే పెద్దక్క లాగిన్ తెరిచి నా పేరు తీసేశాను. చిట్టాలో కొత్త వరుస పడింది: ఐదుంబావుకు పెద్దక్క నన్ను తొలగించింది.