రూటర్ కుదిర్చిన సంబంధం

ఫ్రిజ్‌లో గుడ్లు మళ్ళీ మాయమయ్యాయి.

షార్జాలోని రోలా పేటలో ఎనిమిది మంది సర్దుకుని ఉండే ఫ్లాట్ అది. పెద్దదిక్కు అల్లాబకాష్ భాయ్. గోరింటాకు పెట్టిన ఆయన ఎర్ర గడ్డం కదిలిందంటే అందరూ గప్‌చుప్. "ఈ దొంగని పట్టుకోకపోతే నా పేరు మార్చుకుంటా" అని వంటింట్లో కెమెరా బిగించాడు. అందులో పడే బొమ్మ ఆయన కంప్యూటర్‌లో తప్ప ఇంకెక్కడా కనిపించదని ఆయన ధీమా. దొంగ మాత్రం దొరకలేదు.

ఆ శుక్రవారమే ఆ ఎనిమిది మందిలో ఒకడైన జిలానీ బాషాకు నెట్‌లో పెళ్ళిచూపులు. అమ్మాయి ఆఫ్రీన్, ఆమె తండ్రి మౌలా సాహెబ్ నెల్లూరులో నెట్ సెంటర్‌కి వస్తారు. వాళ్ళు ఈ ఫ్లాట్ నెట్ నంబరు కొడితే చాలు, ఇంటికి నెట్ ఇచ్చే డబ్బా, అదే రూటర్, తనంతట తానే దారిచ్చి అబ్బాయిని చూపిస్తుంది.

"లోపలున్న ఏ పరికరం అడిగినా బయటివాళ్ళకి తలుపు తీసేస్తుంది. మనం వేలు పెట్టక్కర్లేదు" అన్నాడు దాన్ని అమ్మినాయన. ముందు అడిగిన ఒక్కదానికే తీస్తుందని మాత్రం చెప్పలేదు.

గోల ఉండకూడదని అల్లాబకాష్ భాయ్ అందరినీ చాయ్‌కి కిందికి తోలేశాడు. జిలానీ గది తలుపేసుకుని, కంప్యూటర్ ముందు, అరువు కోటులో చెమటలు కక్కుతూ, అవతల ఎవరూ కనిపించకపోయినా నవ్వుతూనే కూర్చున్నాడు. పాపం, దవడలు నొప్పెట్టాయి.

అందరూ పైకొచ్చాక ఫోన్ మోగింది. జిలానీ స్పీకర్ నొక్కాడు.

"అబ్బాయి మాకు నచ్చాడబ్బా!" మౌలా సాహెబ్ గొంతు. "కోటూ గీటూ లేకుండా, లుంగీలో, ఫ్రిజ్ తీసి నాలుగు గుడ్లు ఉడకేసుకుని తిని, గిన్నె కడిగి బోర్లించావే! ఇట్టాంటి పనిమంతుడే కావాల మా బిడ్డకి. నువ్వే గదా బాబూ అది?"

అన్ని కళ్ళూ జిలానీ వైపు తిరిగాయి. రూటర్ తలుపు తీసింది వంటింటి కెమెరాకని అతనికి అప్పుడు వెలిగింది. కాదంటే సంబంధం పోతుంది. అవునంటే పరువు పోతుంది.

"నేనే మామా" అన్నాడు.

అల్లాబకాష్ భాయ్ గడ్డం కదిలింది.

"ఛీ! గుడ్ల దొంగవి నువ్వేనట్రా? పెళ్ళయ్యేదాకా అందరి ఎంగిలి గిన్నెలూ నువ్వే తోమాల. ఖలాస్!"

జిలానీ అన్నీ తోమాడు. కుళాయి పక్కన ఆఫ్రీన్ ఫోటో పెట్టుకుని మరీ తోమాడు.

వారం తిరక్కుండానే ఆఫ్రీన్ ఫోన్ చేసింది.

"మా నాయనకి చూపు ఆనదు గానీ, నేను బాగానే చూశా. మీరు పంపిన ఫోటోలో లేదే, ఆ ఎర్ర గడ్డం ఎప్పుడు పెంచారు?"