బామ్మ కిమోనో

"శవానికి కట్టినట్టు కట్టారే, శవానికి," అంది తోమియె, కారు ఎర్రదీపం దగ్గర ఆగగానే. ఇంటి దగ్గర బయల్దేరినప్పటి నుంచీ అదే మాట అంటోంది.

"అవునత్తయ్యా," అంది కోడలు చినత్సు, రోడ్డు మీంచి చూపు తిప్పకుండా. ఆ అమ్మాయి కూడా బయల్దేరినప్పటి నుంచీ అదే మాట అంటోంది.

తోమియె ఒళ్ళో రెండు పుస్తకాలున్నాయి. రెండూ ఒకే బొమ్మల కథ, 'వసారాలో బామ్మ'. ఒకటి జపానుది. శనివారాలు తోమియె తన ముందుగదిలో పిల్లల గ్రంథాలయం నడుపుతుంది. అక్కడ చదివీ చదివీ దాని అట్ట ఊడింది. రెండోది ఇంగ్లీషుది, ఈ మధ్యే అచ్చయింది. న్యూజీలాండులో ఒక బడివాళ్ళు ప్రేమగా పంపించారు. తెరిచి చూసిన రోజు తోమియె బీపీ మాత్ర రెండోసారి వేసుకుంది.

ఇంగ్లీషు పుస్తకంలో బొమ్మలన్నీ అద్దంలో చూసినట్టు అటుది ఇటు తిరిగి ఉన్నాయి. కథలో పిల్ల గౌను వేసుకుంటుంది, వాళ్ళమ్మ ప్యాంటు వేసుకుంటుంది. కిమోనో కట్టేది బామ్మ ఒక్కతే. కిమోనోకి ఎడమ అంచు పైకి రావాలి. కుడి అంచు పైకి వేసేది పోయినవాళ్ళకి మాత్రమే. ఆ సంగతి జపానులో బడికెళ్ళని పిల్లకి కూడా తెలుసు.

"వాళ్ళకేం తెలుస్తుందత్తయ్యా, చొక్కాలు తొడుక్కునేవాళ్ళు," అంది చినత్సు.

"తెలీకపోతే అడగొచ్చుగా? నిక్షేపంలాంటి ముసలావిణ్ణి పట్టుకుని శవాన్ని చేస్తారా? ఇంకో ఘోరం చూశావా? మన పుస్తకంలో పిల్ల ఎడమచేత్తో తింటుంది. దాని మీద నేను గ్రంథాలయాల సభలో మాట్లాడాను కూడా, ఎడంచేతివాటం పిల్లల మీద రచయిత్రికి ఎంత కరుణో అని. కళ్ళు తుడుచుకున్నవాళ్ళున్నారు. వీళ్ళు దాన్ని కూడా కుడిచేతికి మార్చిపారేశారు."

"కోడల్నేమీ మార్చలేదు కదా?"

తోమియె ఓరగా చూసింది. కథలో పిల్ల తల్లి బామ్మ వైపు ఒక్కసారి కూడా తల తిప్పదు. చినత్సు వంటింట్లో ఉన్నప్పుడు తోమియె ఆ పేజీలు కాస్త గొంతు పెంచి చదువుతుంది.

"ఎందుకు మారుస్తారు? కోడళ్ళు ఏ దేశంలోనైనా ఒకటే. అత్తగారు రోజూ వచ్చి వసారాలో కూర్చుంటే పలకరించిన పాపాన పోదు మహాతల్లి. ఆ చంటిదే నయం, అన్నం ముద్ద తెచ్చి పెడుతుంది. బామ్మ అదీ ముట్టుకోదు, మనవరాలికి మిగలాలని. త్యాగమంటే అదీ."

"ఆకలి లేదేమో."

"నీకు సాహిత్యం తలకెక్కదులే."

అన్నిటికన్నా తోమియెని మండించింది పుస్తకంతో వచ్చిన టీచరు ఉత్తరం. చివరి పేజీకి వచ్చేసరికి మా పిల్లలు ఏడ్చారు అని రాసిందావిడ. చివరి పేజీలో ఏడవడానికి ఏముంది? వసారా ఖాళీగా ఉంటుంది. బామ్మ ఊరెళ్ళిపోయింది, అంతే. ఇక్కడి పిల్లలైతే చప్పట్లు కొడతారు. బొమ్మలు అలా తగలేస్తే ఏడవరా మరి?

ఇంగ్లీషు ప్రచురణకర్తలకి తోమియె ఘాటుగా చెప్పింది, చినత్సు మెత్తగా తర్జుమా చేసి పంపింది. రచయిత్రి స్వయంగా కోరితే కాపీలన్నీ వెనక్కి తెప్పించి చించేస్తాం, మళ్ళీ అచ్చు వేస్తాం అని జవాబొచ్చింది. ఇక కావలసిందల్లా ఆ కోరిక రాసిన కాగితం మీద సంతకం బదులు రచయిత్రి వేసే ముద్ర ఒక్కటే.

రిత్సు గారికి ఎనభై దాటాయి. బొమ్మలూ కథా రెండూ ఆవిడవే. గుమ్మం దగ్గర చెప్పులు విప్పి, వంగి దణ్ణాలయ్యాక, తోమియె తెచ్చిన మిఠాయి డబ్బా వద్దంటే తీసుకోమని, తీసుకోమంటే వద్దని కాసేపు చేతులు మారి, చేరాల్సిన చోటికే చేరింది.

టీ చల్లారేదాకా తోమియె మాట్లాడింది. రిత్సు గారు తల ఊపుతూ విన్నారు.

"నా కోసం చాలా శ్రమపడ్డారు," అన్నారు చివరికి.

తోమియె దాన్ని మెప్పు కింద జమకట్టుకుంది. చినత్సు మాత్రం కారు తాళాలు చేతిలోకి తీసుకుంది.

రిత్సు గారు సొరుగులోంచి ముద్ర తీశారు. కాగితం మీదకి వంచి ఆగారు.

"పిల్లలు ఏడ్చారని రాశారా?"

"రాశారండీ. సిగ్గు లేకుండా."

"ముప్ఫై ఏళ్ళ నుంచి చూస్తున్నాను, ఒక్క పిల్లయినా ఏడుస్తుందేమోనని." ఆవిడ కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. "నేను వేసిన పిల్లది కుడిచేతివాటమేనండి."

తోమియెకి గ్రంథాలయాల సభ మొత్తం కళ్ళముందు తిరిగింది.

"అప్పటి ఎడిటరు బహు మర్యాదస్తుడు. కిమోనో పొరపాటుగా వేశాననుకున్నాడు. చెబితే నేను సిగ్గుపడతానని, చెప్పకుండా బొమ్మలన్నీ తిప్పించి అచ్చు వేసేశాడు. చూశాక, చెబితే ఆయన సిగ్గుపడతాడని నేనూ ఊరుకున్నాను. ఇంగ్లీషువాళ్ళు అసలు బొమ్మలు అడిగారు, ఇచ్చాను. ఉన్నవి ఉన్నట్టు వేశారు."

"అంటే," అంది తోమియె, "ముసలావిడకి అలా కట్టింది మీరేనా? అంత పెద్ద పొరపాటు మీరెలా చేశారండీ?"

రిత్సు గారు ముద్రని మళ్ళీ సొరుగులో పెట్టేశారు.

"కథ మొదలయ్యేసరికే ఆవిడ పోయిందండి."