ఇంట్లో ఇద్దరు జ్ఞానాంబలు

“తన్వి” అన్నాడు రాజారత్నం.

“తన్నేదా? ఎవుర్నన్నా తన్నేది?” అంటూ జ్ఞానాంబ పీట మీంచి లేచింది.

ఆ కేక విని పక్కగదిలోంచి ఆమె మొగుడు మునిరత్నం చేతికర్రతో సహా ఊడిపడ్డాడు. “ఎవుడే వాడు? యాడుండాడు?”

“ఎవడూ లేడు బావా! పేరు... ఆడపిల్ల పేరు... త-న్వి!” అని రాజారత్నం గొంతు చించుకున్నాడు.

తప్పు ఆమెది కాదు. చిత్తూరు బెల్లం మండీలో ఏళ్ల తరబడి వేలంపాటల పక్కన కూర్చున్న చెవులవి. బెల్లం నాలుక్కి తీపే గానీ దాని గోల చెవులకి చేదు.

రాజారత్నం వడమాలపేటలో తెలుగు అయ్యవారు. మాటలతో చెడుగుడు ఆడటం ఆయన వృత్తి, ప్రవృత్తి, మధ్యాహ్నం నిద్ర పట్టకపోతే పునరావృత్తి. అయితే ఇప్పుడొచ్చిన చిక్కు మాటలతో తెగేది కాదు. కూతురికి సంబంధం కుదిరింది. జాతకాలు కలిశాయి, మనసులు కలిశాయి, పేర్లు మరీ ఎక్కువగా కలిశాయి. పెండ్లికూతురి పేరు జ్ఞానాంబ. కాబోయే అత్త పేరూ జ్ఞానాంబే.

“ఉండనిద్దాం బావా! ఇంట్లో ఇద్దరు జ్ఞానాంబలుంటే జ్ఞానం పొంగి పొర్లుతుంది” అని మొదటిరోజే నవ్వుతో దాటేయబోయాడు.

“కన్నతల్లి పేరు పెట్టి మావోడు పెండ్లాన్ని కసురుకుంటాడా? పొర్లేది జ్ఞానం గాదప్పా, పాపం!” అన్నాడు మునిరత్నం.

ఆచారం అంతే. అత్తాకోడళ్ల పేర్లు ఒకటైతే ఒక పేరు మారాలి. మారేది ఎప్పుడూ కోడలిదే.

పిల్లకది ఊరికే తగిలించిన పేరు కాదు. రాజారత్నం తల్లి జ్ఞానాంబ చనిపోయిన ఏడే పుట్టింది. అందుకే కూతుర్ని ఏనాడూ “ఏమే” అనలేదాయన. “అమ్మా జ్ఞానమ్మా” అనే పిలిచాడు. పేరు మార్చాలట అని చెప్పినప్పుడు పిల్ల ఏడవలేదు. “మార్చుకో నాయనా. ఆ కొత్త పేరుతో పిలిస్తే మాత్రం నేను పలకను” అంది. ఏడ్చి ఉంటే ఓదార్చేవాడు. పలకననేదాన్ని ఏమని ఓదార్చేది?

పేరు తానే ఎంచుతానంది అత్తగారు. “పాతయి వొద్దు. ఈ వూర్లో ఇంకెవురికీ ఉండగూడదు. అర్థం సెప్పాల, యాన్నించి వచ్చిందో సెప్పాల.” దాంతో ఆదివారమొస్తే ఆయన ఎర్రబస్సెక్కి చిత్తూరు రావడం, పేర్లను పరీక్షకు కూర్చోబెట్టడం, అవి వరసగా తప్పడం.

“తన్వి అంటే సన్నని అమ్మాయి, చెల్లెమ్మా.”

జ్ఞానాంబ తన నడుము వైపు చూసుకుంది. ఆ చూపు ఒక చుట్టు తిరిగి రావడానికి కొంచెం సేపు పట్టింది. “ఈ ఇంట్లో ఆ పేరు నిలవదన్నా. జనం నవ్వుతారు.”

మా పిల్లను బెల్లం మేపి బస్తా చేస్తారు కాబోలు అనుకున్నాడు రాజారత్నం.

“పోనీ, లాస్య.”

“ఆలస్యమా?”

“లాస్యం! నాట్యం!”

“మోకాళ్లు పట్టేసినాక ఏం నాట్యమన్నా?”

“నవ్య. కొత్తదని అర్థం.”

“ఎన్నాళ్లుంటాది కొత్త? తల నెరిసినాక గూడా పిలిస్తే బాగుండాల గదా.”

రాజారత్నం ఓపిక తన్వి అయిపోయింది. “పిల్లకింకా ఇరవై నిండలేదు. అప్పుడే నెరిసిన తల గురించి ఎందుకమ్మా?”

“పేరు మార్సడమంటే ఏమనుకున్నావన్నా? ఈ ఇంటికొచ్చినప్పుడు నేను సిద్ధమ్మని. మా అత్తా సిద్ధమ్మే. నన్ను జ్ఞానాంబను జేసిరి. మా అత్త ‘జ్ఞానాంబా!’ అని అరిస్తే ఎవుర్నో అనుకోని నా పాటికి నేను దోసెలు పోసుకుంటా ఉంటిని. పలికేదానికి ఏడాది పట్టింది.”

నేను ఓర్చుకున్నాను, నీ కూతురూ ఓర్చుకోవాలి అని అయ్యవారికి అర్థమైంది. ఈమె పేరులో అంబ ఉంది గానీ అమ్మ లేదనుకున్నాడు.

ఇక చివరి బాణం తీశాడు. ఈసారి ఆమె మంచి చెవి దగ్గర వదిలాడు. “స్మేర. సంస్కృతం. ‘స్మి’ అనే ధాతువు తల్లి. స్మితం దీనికి అక్క, విస్మయం పిన్నమ్మ కూతురు. స్మేర అంటే చిరునవ్వుతో ఉండేది.”

“సుమేర.”

“స్మేర.”

ఆమె ఆ మాటను వక్కలాగా బుగ్గలో కాసేపు తిప్పుకుంది. “దీనికి పండ్లుండాల్సిన పన్లేదు గదన్నా?”

“నవ్వుకి పండ్లెందుకమ్మా?”

“అయితే ఇదే కాయం.”

పెండ్లయింది. కొత్త దంపతులు చిత్తూరులో అత్తగారి గడప దగ్గరికొచ్చారు. పెండ్లికొడుకు అక్క దేవకమ్మ వాకిలికి అడ్డం నిలబడింది. ఒకరి పేరు ఒకరు చెప్పందే లోపలికి దారి లేదు.

“జయరామ్ గారూ నేనూ వచ్చినాము” అంది పిల్ల, తల వంచుకొని.

ఇక పెండ్లికొడుకు వంతు. రాజారత్నం మొహం వీధి వైపు తిప్పుకున్నాడు. తన తల్లి పేరు పోవడం చూడలేకపోయాడు.

“జ్ఞానాంబా నేనూ వచ్చినాము” అన్నాడు జయరామ్.

రాజారత్నం గిర్రున తిరిగాడు. పిల్ల తలెత్తింది.

“రేయ్! మీయమ్మ పేరురా అది!” మునిరత్నం చేతికర్ర పైకి లేచింది. “స్మేర అని సెప్పరా! పెండ్లి పనులొదిలేసి నోరు తిరిగేదాకా బట్టీ పడితి గదరా నేను!”

“వాణ్ణి అరవబాక. నేనే అట్ల సెప్పమన్నా” అంటూ జ్ఞానాంబ హారతి పళ్లెంతో గడప దగ్గరికొచ్చింది. “ఒక పేరు మారాలంటిరి. మార్సినాము గదా.”

“యాడ మారిందే? ఈ పిల్ల జ్ఞానాంబైతే, ఆ స్మేర ఎవురు?”

ముందు పండ్లు లేని నోటితో ఆమె నిండుగా నవ్వింది.

“నేనే.”